తీరిక లేనివాడి సినిమాలు: యోనాస్ మెకాస్

(ఒక ఫిల్మ్ క్లబ్‌లో సినిమా ప్రదర్శనకు ముందు చేసిన ప్రసంగం)

అందరికీ నమస్కారం.

ఇవాళ మనం చూడబోయే సినిమా గంటన్నరకి కాస్త తక్కువే ఉంటుంది. దాన్ని తీసిన మనిషి గురించి ముందుగా కాసేపు మాట్లాడమన్నారు. ఈ సినిమాని మొదటిసారి చూసినవాళ్లు బయటికొచ్చి దాదాపు ఒకే మాట అడుగుతారు. కెమెరా ఎందుకలా ఊగిపోతోంది? బొమ్మ ఉన్నట్టుండి ఎందుకు తెల్లబారిపోతోంది? ఒక్క షాటైనా నిలకడగా ఎందుకు ఉండదు? తీయడం రాకనా, కావాలని చేశాడా? చాలా న్యాయమైన ప్రశ్న. దానికి నా దగ్గర ఒక జవాబుంది కానీ, అది చెప్పాలంటే ఆయన బతికిన బతుకు కొంత చెప్పాలి.

పేరు యోనాస్ మెకాస్. 1922 డిసెంబర్ 24న లిథువేనియాలో సెమెనిష్కెయ్ అనే పల్లెలో, రైతు కుటుంబంలో పుట్టాడు. దగ్గరున్న పట్నం బిర్‌జాయ్. ఆ చిన్న దేశం మీదికి 1940లో సోవియట్ సైన్యం వచ్చింది, 1941లో జర్మన్లు వచ్చారు, 1944లో మళ్లీ సోవియట్లు వచ్చారు. నాలుగేళ్లలో మూడు సైన్యాలు. పదిహేడేళ్ల మెకాస్ చేతికి అప్పుడే కొత్తగా ఒక ఫోటో కెమెరా వచ్చిందట. సోవియట్ ట్యాంకులు రోడ్డు మీద వెళ్తుంటే ఫోటో తీశాడు. అదే అతని మొదటి ఫోటో. ఒక అధికారి వచ్చి కెమెరా లాక్కుని, ఫిల్ము బయటికి లాగి, నేల మీద పడేసి బూటుతో తొక్కేశాడు. ఈ కథ మెకాస్ జీవితమంతా చెప్తూనే ఉన్నాడు. కెమెరా పట్టుకున్న తొలిరోజే ఎవరో వచ్చి ఫిల్ము లాగేయడం అతనికి అలవాటైంది అనుకోండి. అమెరికాలో పోలీసులు వచ్చినప్పుడు అతనికి కొత్తేమీ అనిపించి ఉండదు. అది తర్వాత చెప్తాను.

జర్మన్ల కాలంలో రహస్యంగా బీబీసీ వార్తలు విని, టైప్ చేసి పంచే ఒక బృందంలో పనిచేశానని అతను చెప్పుకున్నాడు. ఆ టైప్‌రైటర్ ఇంటి బయట దాచాడు. ఒక రాత్రి దాన్ని ఎవడో దొంగ ఎత్తుకుపోయాడు. దొంగ దొరికితే టైప్‌రైటర్ దొరుకుతుంది, టైప్‌రైటర్ దొరికితే అక్షరాల్ని బట్టి మనిషి దొరుకుతాడు. పాస్టర్‌గా ఉన్న మేనమామ సలహా మీద యోనాస్, తమ్ముడు అడోల్ఫాస్ వియన్నాలో చదువుకోవడానికి వెళ్తున్నట్టు కాగితాలు పట్టుకుని 1944లో రైలెక్కారు. వియన్నా చేరలేదు. దారిలో జర్మన్లు పట్టుకుని హాంబర్గ్ దగ్గర ఎల్మ్స్‌హార్న్‌లో నిర్బంధ కూలీల శిబిరంలో పడేశారు. ఎనిమిది నెలలు. 1945లో తప్పించుకుని డెన్మార్క్ వైపు వెళ్తుంటే సరిహద్దు దగ్గర దొరికిపోయారు, మళ్లీ తప్పించుకుని యుద్ధం అయ్యేదాకా ఒక రైతు ఇంట్లో దాక్కున్నారు. యుద్ధం అయ్యాక ఊరికి వెళ్లే వీల్లేదు. వీస్‌బాడెన్, కాసెల్ శరణార్థి శిబిరాల్లో మరో నాలుగేళ్లు. మధ్యలో మైన్జ్ యూనివర్సిటీలో ఫిలాసఫీ చదివాడు. 1948లో సొంత ఊరి మీద రాసిన కవితలు పుస్తకంగా వచ్చాయి. అప్పటికే లిథువేనియన్ భాషలో అతను కవి. ఇది గుర్తుపెట్టుకోండి. సినిమావాడు కవిత్వం వైపు రాలేదు, భాష పోగొట్టుకున్న కవి కెమెరా పట్టుకున్నాడు.

1949 అక్టోబర్ చివర్లో ఇద్దర్నీ ఓడలో న్యూయార్క్ పంపించారు. అసలు వాళ్లు వెళ్లాల్సింది షికాగో. అక్కడ ఒక బేకరీలో ఉద్యోగం కూడా చూసిపెట్టారు. న్యూయార్క్‌లో దిగాక అన్నదమ్ములిద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుని, ఇంత ఊరొచ్చాక ఇంకా షికాగో ఎందుకు అనుకున్నారు. అంతే. బ్రెడ్డు కాల్చే పని పోయింది, సినిమాకి లాభమొచ్చింది. (నవ్వులు) బ్రూక్లిన్‌లో విలియమ్స్‌బర్గ్ అనే పేటలో, తోటి లిథువేనియన్ శరణార్థుల మధ్య దిగారు. ఫ్యాక్టరీల్లో దొరికిన పని చేశారు. వచ్చిన కొన్నాళ్లకే అప్పు చేసి ఒక 16 ఎం.ఎం. బోలెక్స్ కెమెరా కొన్నారు. తిండికి చాలీచాలని రోజుల్లో కెమెరా కొనేవాణ్ని మన ఇళ్లలో ఏమంటారో మీకు తెలుసు.

ఇక్కడ ఆ కెమెరా గురించి ఆగి చెప్పాలి. బోలెక్స్‌కి బ్యాటరీ లేదు. పాత గోడ గడియారానికి కీ ఇచ్చినట్టు పక్కనున్న పిడి తిప్పి స్ప్రింగ్ బిగించాలి. ఒకసారి బిగిస్తే దాదాపు 28 సెకన్లు తిరుగుతుంది, తర్వాత ఆగిపోతుంది. వంద అడుగుల రీలు పెడితే మొత్తం మూడు నిమిషాలు కూడా రాదు. అంటే ఈ కెమెరాతో మీరు లాంగ్ టేక్, అదే ఆపకుండా సాగే పొడవాటి షాట్, తీయలేరు, ఎంత పెద్ద దర్శకుడైనా సరే. కానీ వేరే సదుపాయాలున్నాయి. ఒక్కొక్క ఫ్రేమ్ విడిగా తీయొచ్చు. వేగం మార్చొచ్చు. ఫిల్ము వెనక్కి తిప్పి దాని మీదే మళ్లీ తీయొచ్చు. చేతిలో పట్టుకుని వీధిలో నడుస్తూ తీయొచ్చు. సౌండ్ మాత్రం రికార్డ్ కాదు. మెకాస్ సినిమాల్లో అతని మాటలు చాలావరకు ఏళ్ల తర్వాత, రాత్రి పూట, ఒంటరిగా ఎడిటింగ్ టేబుల్ దగ్గర కూర్చుని చెప్పినవి. బొమ్మ ఒక కాలంలో ఉంటుంది, గొంతు ఇంకో కాలంలో ఉంటుంది. మీరు ఇవాళ వినేటప్పుడు అది గమనించండి.

మరి కెమెరా కొన్నాక సినిమాలు తీశాడా? లేదు. తీయలేకపోయాడు. శరణార్థుల మీద ఒక డాక్యుమెంటరీ, ఒక కథాచిత్రం, ఏవేవో స్క్రిప్టులు రాసుకున్నాడు. 1962లో 'గన్స్ ఆఫ్ ద ట్రీస్' అనే కథాచిత్రం బయటికొచ్చింది. నాకైతే అందులో మెకాస్ కనిపించడు, ఆ కాలపు ఆందోళన కనిపిస్తుంది. దాన్ని అలా వదిలేద్దాం.

సినిమాలు తీయనప్పుడు ఏం చేశాడంటే, మిగిలిన అన్ని పనులూ చేశాడు. 1955 జనవరిలో తమ్ముడితో కలిసి 'ఫిల్మ్ కల్చర్' అనే పత్రిక మొదలుపెట్టాడు. అదే ఏడాది అందులో అమెరికన్ ప్రయోగాత్మక సినిమా మీద ఒక వ్యాసం రాశాడు. పొగుడుతూ అనుకుంటున్నారేమో. ఉతికి ఆరేశాడు. ఇవన్నీ కుర్రతనపు వేషాలు, వీటికి నీతీ లేదు, లోతూ లేదు అన్నాడు. స్వలింగ సంపర్కుల కుట్ర అని కూడా అన్నాడు. ఇవాళ చదివితే ఇబ్బందిగా ఉంటుంది. తర్వాత అతనే ఆ వ్యాసాన్ని, మతం మారకముందు సెయింట్ ఆగస్టీన్ రాసినట్టు రాశానని చెప్పుకున్నాడు. నాలుగైదేళ్లలో మనిషి పూర్తిగా అటు తిరిగాడు. ఎందుకు తిరిగాడంటే, చూస్తూ వచ్చాడు గనక. రోజూ సినిమాలు చూశాడు, ఆ తీసేవాళ్ల గదుల్లో కూర్చున్నాడు. మేరీ మెంకెన్ అనే ఆవిడ, లిథువేనియన్ తల్లిదండ్రులకి న్యూయార్క్‌లో పుట్టిన చిత్రకారిణి, చేత్తో బోలెక్స్ పట్టుకుని తోటలూ, దీపాలూ, వర్షపు చుక్కలూ తీస్తుండేది. మెకాస్ శైలికి మూలం ఎక్కడ అంటే నేను ముందు ఆవిడ పేరే చెప్తాను. ఆవిడ పేరు ఈ హాల్లో ఎంతమంది విన్నారో చేతులెత్తమని అడగను. (నవ్వులు)

1958లో 'విలేజ్ వాయిస్' వారపత్రిక ఆఫీసుకి వెళ్లి, మీకు సినిమా కాలమ్ ఎందుకు లేదు అని అడిగాడు. నువ్వే రాయొచ్చుగా అన్నారు. రాశాడు, డెబ్బైల నడిమి దాకా రాశాడు. సమీక్షకుడిగా అతను న్యాయమూర్తి కాడు. నచ్చినదాన్ని నెత్తిన పెట్టుకుని వీధుల్లో తిరిగేవాడు, నచ్చనిదాన్ని పెద్దగా పట్టించుకోడు. ఇది విమర్శేనా అని అప్పుడూ అడిగారు. నా మటుకు నాకు అలాంటివాడు ఊరికొకడు ఉండాలనిపిస్తుంది. ఇద్దరుంటే కష్టం.

ఇప్పుడు అసలు విషయానికొస్తాను. అప్పట్లో న్యూయార్క్‌లో ఇలాంటి సినిమాలు చూపించే చోటు 'సినిమా 16' అని ఒకటుండేది. ఆమోస్ వోగెల్ నడిపేవాడు. పెద్ద ఫిల్మ్ సొసైటీ, గొప్ప సేవ చేసింది. కానీ అది వోగెల్ అభిరుచి మీద నడిచేది. స్టాన్ బ్రాకేజ్ అనే ప్రయోగాత్మక దర్శకుడు 1958లో తీసిన ఒక సినిమాని వోగెల్ పంపిణీకి తీసుకోనన్నాడు. ఒక మంచి మనిషి, మంచి అభిరుచి ఉన్న మనిషి వద్దంటే ఇక ఆ సినిమాకి దిక్కులేదు. 1960 సెప్టెంబర్‌లో మెకాస్, అతని మిత్రులు ఇరవైమందికి పైగా కలిసి ఒక గ్రూపు కట్టారు. నున్నగా పాలిష్ చేసిన అబద్ధపు సినిమాలు మాకొద్దు, గరుకుగా ఉన్నా ప్రాణమున్న సినిమాలు కావాలి, గులాబీ రంగు సినిమాలు కాదు, నెత్తుటి రంగు సినిమాలు కావాలి అని ప్రకటించారు. ప్రకటనలు అందరూ చేస్తారు, మన దగ్గర దశాబ్దానికి రెండొస్తాయి. వీళ్లు 1962లో పంపిణీ సంస్థ పెట్టారు. ఫిల్మ్‌మేకర్స్ కోఆపరేటివ్.

దాని నిబంధనలు చూడండి. ఎవరు సినిమా తెచ్చినా తీసుకుంటారు. బాగుందా లేదా అని ఎవరూ చూడరు, ఎంపిక కమిటీ లేదు. హక్కులు సంస్థకి రాసివ్వక్కర్లేదు, తీసినవాడి దగ్గరే ఉంటాయి. అద్దె ఎంతో తీసినవాడే నిర్ణయిస్తాడు. వచ్చినదాంట్లో ఖర్చులకి కొంత పట్టుకుని ఎక్కువ భాగం వాడికే ఇస్తారు. ఒక కేటలాగ్ అచ్చేస్తారు, అందులో సినిమా గురించి ఏం రాయాలో కూడా తీసినవాడిష్టం. ఇది ఎక్కడుండేదంటే మెకాస్ అద్దెకున్న గదిలో, పార్క్ ఎవెన్యూ సౌత్ మీద. చుట్టూ ఫిల్ము డబ్బాలు, మధ్యలో ఎడిటింగ్ టేబుల్, ఆ టేబుల్ కింద మెకాస్ పడుకునేవాడు. సాయంత్రాలు ఎవరో ఒకరు కొత్త రీలు తెచ్చి వేసేవాళ్లు, జనం నేల మీద కూర్చుని చూసేవాళ్లు. అలా కూర్చున్నవాళ్లలో పాప్ ఆర్ట్ చిత్రకారుడు ఆండీ వార్హోల్ ఒకడు. అతనెవరో మెకాస్‌కి చాలాకాలం తెలియదట. తర్వాత 1964 జూలైలో వార్హోల్ ఎంపైర్ స్టేట్ భవనాన్ని రాత్రంతా కదలకుండా తీసిన ఎనిమిది గంటల సినిమాకి కెమెరా దగ్గర నిలబడింది మెకాసే. తన సినిమాల్లో ఒక్క షాటునీ నిలవనివ్వని మనిషి, పక్కవాడి కోసం రాత్రంతా ఒకే షాటు కాపలా కాశాడు.

ఇలా కోఆపరేటివ్ పెట్టుకోవడం అమెరికాకే చెల్లిందనుకోకండి. మన పక్కనే కేరళలో జాన్ అబ్రహామ్ అనే మలయాళ దర్శకుడు, అతని మిత్రులు ఎనభైల్లో 'ఒడెస్సా' పేరుతో ఊరూరా సినిమాలు వేసి, జనం దగ్గర చందాలు తీసుకుని సినిమా తీశారు. దాని మీద విడిగా ఒకరోజు పెట్టుకోవాలి. ఇవాళ వద్దు.

పోలీసుల సంగతి చెప్తానన్నాను. జాక్ స్మిత్ అని ఒక విచిత్రమైన ప్రతిభాశాలి. కాలం చెల్లిన ఫిల్ము సంపాదించి, న్యూయార్క్‌లో ఒక పాత సినిమా హాలు డాబా మీద 'ఫ్లేమింగ్ క్రీచర్స్' తీశాడు. ఆడవేషాలు వేసుకున్న మగవాళ్లు, ముత్యాల దండలు, లిప్‌స్టిక్‌లు, నగ్నత్వం, ఒక భూకంపం. ఫిల్ము పాతది కావడంతో బొమ్మంతా పొగమంచులో జరుగుతున్నట్టుంటుంది. 1963 డిసెంబర్‌లో బెల్జియంలోని నోక్ ఉత్సవానికి మెకాస్ జ్యూరీ సభ్యుడిగా వెళ్లాడు. ఈ సినిమాని వేయం అన్నారు. జ్యూరీకి రాజీనామా ఇచ్చి, తన హోటల్ గదిలో వేశాడు. ఇసకేస్తే రాలనంత జనం వచ్చారు. కొత్త సంవత్సరం ముందు రాత్రి మిత్రులతో కలిసి ఉత్సవం హాల్లోనే ప్రొజెక్టర్ పట్టుకుని వేయబోతే కరెంటు తీసేశారు.

తిరిగి న్యూయార్క్ వచ్చాక 1964 మార్చిలో ఆ సినిమా వేస్తుండగా పోలీసులు వచ్చి మెకాస్‌ని, ప్రొజెక్టర్ నడుపుతున్న కెన్ జేకబ్స్‌ని, ఇంకో ఇద్దర్ని పట్టుకెళ్లారు. ఫిల్మూ ప్రొజెక్టరూ స్వాధీనం చేసుకున్నారు. మెకాస్ బయటికొచ్చి ఏం చేశాడు? కేసు ఖర్చుల కోసమని ఇంకో సినిమా వేశాడు. జైలు గదుల్లో ఖైదీల మధ్య కోరిక గురించి ఫ్రెంచ్ రచయిత జాన్ జెనే తీసింది. మళ్లీ అరెస్టయ్యాడు. (నవ్వులు) కోర్టు అశ్లీలం కింద దోషులన్నది, జైలు శిక్ష వేసి దాన్ని సస్పెండ్ చేసింది. అప్పీలు సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. అక్కడ 1967లో, ఇక తేల్చాల్సిందేమీ లేదని కొట్టేశారు. కానీ జడ్జీల్లో ఒకరు, ఏబ్ ఫోర్టస్, కింది కోర్టు తీర్పు రద్దు చేయాలన్నారు. మరుసటి ఏడాది ఆయన్ని ప్రధాన న్యాయమూర్తిగా ప్రతిపాదించినప్పుడు, ఆయనకి వ్యతిరేకంగా ఉన్న సెనేటర్లు ఈ సినిమా తెప్పించి తోటి సెనేటర్లకీ, విలేకర్లకీ వేసి చూపించారు, చూడండి ఈయన దేన్ని వెనకేసుకొచ్చాడో అని. ఫోర్టస్‌కి ఆ పదవి రాలేదు. దానికి వేరే కారణాలూ ఉన్నాయి. అయినా డాబా మీద కాలం చెల్లిన ఫిల్ముతో తీసిన నలభై నిమిషాల సినిమా వాషింగ్టన్‌లో ఒక పెద్ద పదవి తగాదాలోకి దూరిందంటే మాటలు కాదు.

ఈ కథలో మెకాస్‌ని హీరో చేసి వదిలేయడం తేలిక. జాక్ స్మిత్ అలా చూడలేదు. తన సినిమా ఒక హాస్యం, దాన్ని పట్టుకెళ్లి కోర్టు కేసుగా మార్చేశారని, తన పేరు మీద వాళ్లు పెద్దవాళ్లయ్యారని చనిపోయేదాకా తిట్టాడు. మెకాస్‌కి రకరకాల మారుపేర్లు పెట్టి ప్రదర్శనల్లో ఎగతాళి చేసేవాడు. ఆ తర్వాత తీసిన సినిమాల్ని దాదాపుగా 'పూర్తయింది' అని ఎవరికీ ఇవ్వలేదు. ప్రదర్శన జరుగుతుండగానే కోసి అతికిస్తుండేవాడు, ఇక ఎవడు పట్టుకెళ్తాడో చూద్దాం అన్నట్టు. స్మిత్ కోపం పూర్తిగా న్యాయమని నేననను. కానీ ఒక ఉద్యమానికి జెండా కావాల్సి వచ్చినప్పుడు ఎవరి చొక్కా చింపుతున్నామో చూసుకోవాలి కదా. మెకాస్ చూసుకోలేదనే నాకనిపిస్తుంది.

అదే 1964లో 'ద బ్రిగ్' తీశాడు. అమెరికన్ మెరైన్ దళం సైనిక జైల్లో ఒక రోజు ఎలా గడుస్తుందో చూపించే నాటకం. లివింగ్ థియేటర్ అనే నాటక బృందం వాళ్లు ఆడుతున్నారు. పన్ను బకాయిల కింద ప్రభుత్వం ఆ థియేటర్ మూసేసింది. నటులూ, కెమెరాలూ రాత్రి దొంగదారిన లోపలికి వెళ్లి నాటకం ఆడుతుంటే మెకాస్ భుజాన సౌండ్ కెమెరా వేసుకుని నటుల మధ్య తిరుగుతూ తీశాడు. వెనిస్‌లో దానికి డాక్యుమెంటరీ బహుమతి ఇచ్చారు. నాటకాన్ని తీస్తే డాక్యుమెంటరీ ఏమిటి అని అడగకండి, చూసిన కొందరు నిజంగానే జైలు అనుకున్నారు.

ఇంత పని మధ్య సొంత సినిమాలెక్కడ? 1972లో ఒక సెమినార్‌లో మెకాస్ దీని గురించి చాలా మామూలుగా చెప్పాడు. నాకు వరసగా ఒక నెలో రెండు నెలలో తీరిక దొరికితే అసలు సినిమా తీద్దామని ఎదురుచూస్తూ వచ్చాను, ఎప్పుడూ దొరకలేదు, ఈలోగా చెయ్యి మర్చిపోకుండా ఉండటానికని రోజూ కాస్త కాస్త తీస్తుండేవాణ్ని, పది సెకన్లు, ఐదు సెకన్లు, కొన్నిరోజులు ఒక్క సెకను, ఏళ్ల తర్వాత ఆ ముక్కలన్నీ ముందేసుకుని చూస్తే ఇవి ప్రాక్టీసు కాదు, నేను తీస్తున్న సినిమా ఇదే అని తెలిసింది, అని దాని సారాంశం. అదే మీ ప్రశ్నకి జవాబు. ఆ ఊగిపోవడం, ఆ ముక్కలు, తీరిక లేని మనిషి జీవితంలోంచి వచ్చాయి. మొదట అది ఇబ్బంది. తర్వాత దాన్ని వ్యాకరణంగా మార్చుకున్నాడు. ఒక సంఘటన జరుగుతున్నప్పుడే తీయాలి, అప్పుడే కెమెరాలోనే కట్ చేయాలి, ఇంటికెళ్లి సరిదిద్దుకుందాం అనుకోవడానికి లేదు. కాబట్టి తీసేవాడి గుండె ఎలా కొట్టుకుంటుందో ఫ్రేములు అలా పడతాయి. 1969లో అలాంటి ముక్కలతో మూడు గంటల 'వాల్డెన్' వచ్చింది. న్యూయార్క్‌లో మంచు, సెంట్రల్ పార్క్, మిత్రుల పెళ్లిళ్లు, ఒక సర్కస్, బ్రాకేజ్ ఇల్లు. అందులో అంటాడు: నేను ఇంటి సినిమాలు తీస్తాను కాబట్టి బతికున్నాను, బతికున్నాను కాబట్టి ఇంటి సినిమాలు తీస్తాను.

ఈ మాటకి మనవాళ్లు ఒకటి అడగాలి. మా ఇంట్లో కూడా ఐదు గంటల పెళ్లి వీడియో ఉంది, మరి మా వీడియోగ్రాఫర్ కూడా కళాకారుడేనా అని. తేడా ఉంది. పెళ్లి వీడియోలో కెమెరా జీలకర్ర బెల్లం దగ్గరుండాలి, తాళి దగ్గరుండాలి, భోజనాల దగ్గర చుట్టాలందరి మొహాలూ పడాలి. ఎవరినీ వదలకూడదు, వదిలితే గొడవ. మెకాస్ పెళ్లి తీస్తే తాళి కట్టే సమయానికి కెమెరా పెళ్లికూతురి చెప్పుల మీదుంటుంది, లేదా కిటికీలోంచి పడే ఎండ మీదుంటుంది. అతను సాక్ష్యం కోసం తీయడం లేదు. అయితే ఒక్కటి ఒప్పుకోవాలి, పాత పెళ్లి క్యాసెట్లలో ఎవరూ గమనించని మూలల్లో, కరెంటు పోయిన ఆ రెండు నిమిషాల్లో, మెకాస్ ఇష్టపడే సరుకు బోలెడు ఉంటుంది.

1970లో ఆంథాలజీ ఫిల్మ్ ఆర్కైవ్స్ మొదలైంది. సినిమాకి ఒక మ్యూజియం. డబ్బు పెట్టింది జెరోమ్ హిల్ అనే ధనవంతుడైన చిత్రకారుడు. పీటర్ కుబెల్కా అనే ఆస్ట్రియన్ దర్శకుడు దానికి ఒక హాలు రూపొందించాడు. తొంభై సీట్లు. గోడలు, కప్పు, కుర్చీలు మొత్తం నలుపు. ప్రతి కుర్చీకీ రెండు వైపులా, తల పైన అడ్డు. పక్కన కూర్చున్నవాళ్లు కనిపించకూడదు, తెర ఒక్కటే కనిపించాలి. ఆలస్యంగా వస్తే లోపలికి రానివ్వరు. పరభాషా చిత్రాలకి సబ్‌టైటిల్స్ వేయరు, బొమ్మ పాడవుతుందని. మా అబిడ్స్ హాళ్లలో పెరిగిన ప్రాణానికి ఈ హాలు ఒక శిక్షలా అనిపిస్తుంది. ఈలలు వేసే సందే లేదు. అందుకేనేమో ఆ హాలు నాలుగేళ్లే నడిచింది. ఐదుగురు కూర్చుని ప్రపంచ సినిమాలో తప్పనిసరిగా చూడాల్సినవని ఒక జాబితా కూడా వేశారు. ఎంపిక కమిటీ వద్దని కోఆపరేటివ్ పెట్టిన మనిషి ఎంపిక కమిటీలో కూర్చున్నాడు. కమిటీలో ఐదుగురూ మగవాళ్లే, జాబితాలో ఆడవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది. ఏటా చేర్చుకుంటూ పోదామనుకున్నారు, 1972లో హిల్ చనిపోవడంతో డబ్బు ఆగింది, జాబితా అక్కడే గడ్డకట్టింది. 1979లో మాన్‌హాటన్‌లో సెకండ్ ఎవెన్యూ మీద ఒక పాత కోర్టు భవనం కొన్నారు. బాగుచేసి తెరవడానికి 1988 దాకా పట్టింది. ఇప్పటికీ అక్కడే ఉంది. మీ పిల్లలో చుట్టాలో న్యూజెర్సీలో ఉంటే, వాళ్లని చూడటానికి వెళ్లినప్పుడు టైమ్స్ స్క్వేర్ తర్వాతైనా సరే, ఎడిసన్‌లో రైలెక్కి అక్కడ ఒక సాయంత్రం గడిపి రండి. ఒకప్పుడు అశ్లీలం కేసులో కోర్టుకెక్కిన మనిషి కోర్టునే సినిమా హాలు చేశాడు. ఇంతకన్నా మంచి సెకండాఫ్ ఎవరూ రాయలేరు.

ఇక ఇవాళ్టి సినిమా. 'రెమినిసెన్సెస్ ఆఫ్ ఎ జర్నీ టు లిథువేనియా', 1972. మూడు భాగాలు. మొదటిది యాభైల తొలిరోజుల్లో బ్రూక్లిన్‌లో తీసిన ముక్కలు. పార్కుల్లో, వనభోజనాల్లో కోట్లు వేసుకుని నిలబడ్డ శరణార్థులు. రెండోది 1971 ఆగస్టు. సోవియట్ ప్రభుత్వం అనుమతిస్తే, ఇరవయ్యేడేళ్ల తర్వాత అన్నదమ్ములిద్దరూ ఊరికి వెళ్లారు. ఎనభై దాటిన తల్లి, పేరు ఎల్జ్‌బియెటా, బతికే ఉంది. అంకెలు వేసిన చిన్న చిన్న దృశ్యాలుగా ఈ భాగం నడుస్తుంది. తల్లి ఆరుబయట రాళ్ల పొయ్యి మీద బంగాళదుంప అట్లు వేస్తుంది. పొగ కళ్లలోకి పోతుంది, అయినా లేవదు. అన్నదమ్ములు బావి నీళ్లు తోడుకుని తాగుతారు. పెద్దవాళ్లంతా తాగి పాడతారు, కొడవళ్లతో గడ్డి కోసి చూపిస్తారు, అదంతా కొంత నటన, కొంత నిజం. మధ్యలో ఆ తల్లి ఒక మాట చెప్తుంది. వీళ్లు వెళ్లిపోయాక పోలీసులు ఇంటి వెనక పొదల్లో మాటువేసేవాళ్లట, కొడుకు వస్తాడేమోనని.

ఈ భాగంలో కెమెరా మరీ ఎక్కువగా గంతులేస్తుంది. దానికొక కారణముంది. ఈ ప్రయాణం కోసం కొత్త బోలెక్స్ కొన్నాడు. లిథువేనియా చేరాక తెలిసింది, దాని వేగం నిలవడం లేదని. 24 ఫ్రేముల దగ్గర పెడితే మూడు నాలుగు షాట్లయ్యేసరికి 32కి వెళ్లిపోతోంది. వేగం పెరిగితే ఎక్స్‌పోజర్, అంటే ఫిల్ము మీద పడే వెలుగు, మారిపోతుంది, బొమ్మ వెలుగు తగ్గుతుంది, పెరుగుతుంది. ఆ పల్లెలో బాగుచేసేవాడు లేడు, మళ్లీ ఎప్పుడొస్తాడో తెలియదు. అప్పుడు ఏం చేశాడంటే, ఆ లోపాన్నే వాడుకోవాలని నిర్ణయించుకున్నాడు. ఎక్స్‌పోజర్ సరిచేయడం మానేసి, వెలుగు ఎగిసిపడటాన్నే ఆ భాగానికి లయగా పెట్టుకున్నాడు. ఇరవయ్యేడేళ్ల తర్వాత అమ్మని చూసినవాడి కళ్లు ఎలా చూస్తాయో ఆ పాడైన కెమెరా అలాగే చూసింది. మంచి కెమెరా అయ్యుంటే ఈ సినిమా ఇంత బాగా వచ్చేది కాదని నా నమ్మకం.

మూడో భాగంలో ఎల్మ్స్‌హార్న్ వెళ్తాడు, తాము కూలి చేసిన చోటు చూడటానికి. పిల్లలు పరిగెడుతుంటే, నేనూ ఇక్కణ్ణుంచి ఒకసారి పరిగెత్తాను, ప్రాణం కోసం పరిగెత్తాను, మీకా అవసరం రాకూడదు అంటాడు. తర్వాత వియన్నా. ఇరవై ఒక్క ఏళ్ల వయసులో చేరాల్సిన ఊరు. ఇప్పుడు యాభైకి దగ్గరపడ్డాక చేరాడు. అక్కడ మిత్రులతో గడుపుతాడు. చివర్లో ఏం జరుగుతుందో చెప్పను.

ఒక విషయం దాచిపెట్టి ఈ సినిమా చూపించడం నాకిష్టం లేదు. 2018లో మైఖేల్ క్యాస్పర్ అనే చరిత్రకారుడు 'న్యూయార్క్ రివ్యూ ఆఫ్ బుక్స్'లో ఒక పెద్ద వ్యాసం రాశాడు. జర్మన్ ఆక్రమణలో మెకాస్ పనిచేసిన పత్రికలు యూదు వ్యతిరేక ప్రచారం అచ్చేసినవేనని, మెకాస్ వాటిలో సాహిత్య రచనలు రాశాడని, తర్వాత చెప్పుకున్న కథలో తేదీలూ వివరాలూ సరిపోలడం లేదని చూపించాడు. మెకాస్ యూదుల మీద విషం కక్కాడని ఆ వ్యాసం అనలేదు. కానీ 1941 ఆగస్టులో బిర్‌జాయ్ పక్కనే ఉన్న అడవిలో దాదాపు 2,400 మంది యూదుల్ని ఒక్కరోజులో చంపేశారు. పిల్లలతో సహా. పట్నంలో దాదాపు మూడో వంతు జనం. ఆ విషయం అతని డైరీల్లో, సినిమాల్లో ఎక్కడ? అప్పటికి మెకాస్‌కి 95 ఏళ్లు. ఆరోపణలు ఒప్పుకోలేదు. అతని మిత్రులు, విమర్శకులు రెండుగా చీలిపోయారు. నా అభిప్రాయం చెప్తాను, మీరు ఒప్పుకోనక్కర్లేదు. జీవితమంతా జ్ఞాపకమే సరుకుగా పనిచేసిన మనిషిని, నీ జ్ఞాపకంలో ఏది లేదు అని అడగడం తప్పు కాదు. ఇవాళ లిథువేనియా పొలాలూ, పూలూ, పాలూ చూస్తున్నప్పుడు ఆ అడవి కూడా అక్కడే ఉందని తెలిసి చూడండి. సినిమా అందుకు చిన్నబోదు. కష్టతరమవుతుంది, అంతే.

తర్వాతి సంగతులు త్వరగా చెప్పి ముగిస్తాను. 1974లో హోలిస్ మెల్టన్‌ని పెళ్లి చేసుకున్నాడు, ఇద్దరు పిల్లలు. ముప్పై ఏళ్ల కుటుంబ జీవితపు ముక్కలతో 2000లో దాదాపు ఐదు గంటల సినిమా చేశాడు. రీళ్లు ఏ వరసలో పెట్టాలో తెలియక, అల్మారాలో చేతికందినవి అందినట్టు అతికించానని అందులోనే చెప్తాడు. ఈ సినిమాలో ఏమీ జరగదు అని మధ్యమధ్య టైటిల్ కార్డు కూడా వేస్తాడు, ఎవరైనా ఆశపడతారేమోనని. ఎనభైల చివర్లో వీడియోకి మారాడు. 2007లో, 84 ఏళ్ల వయసులో, ఏడాది పొడుగునా రోజుకో చిన్న వీడియో తీసి ఇంటర్నెట్‌లో పెట్టాడు. ఇప్పుడు మన పిల్లలంతా చేస్తున్న పనే. 2019 జనవరి 23న బ్రూక్లిన్‌లో చనిపోయాడు, 96 ఏళ్లు.

సినిమాలో మాటలు కొన్ని ఇంగ్లీషులో, బరువైన లిథువేనియన్ యాసలో ఉంటాయి. మొదటి పది నిమిషాలు అర్థం కాకపోతే కంగారు పడకండి, చెవి అలవాటు పడుతుంది. టైటిల్ కార్డులు త్వరగా వెళ్లిపోతాయి, చదవలేకపోయినవి వదిలేయండి. ప్రశ్నలు సినిమా అయ్యాక. వెనకాల నిలబడినవాళ్లకి ఇక్కడ ముందు వరసలో కుర్చీలు ఖాళీగా ఉన్నాయి, వచ్చేయండి.